మీటకూ ధ్వనికీ నడుమ

1997 డిసెంబరులో జపానుకు చెందిన కొనామీ సంస్థ ‘బీట్‌మేనియా’ అనే ఆటను గేమ్ సెంటర్లలో ప్రవేశపెట్టింది. ఐదు మీటలు, వాటి పక్కన గ్రామఫోను పళ్లెం వంటి ఒక చక్రం ఆ యంత్రానికి ఉండేవి. తెరపై చిన్న చిన్న పట్టీలు పైనుండి దిగివస్తుంటాయి. అవి అడుగు గీతను తాకిన క్షణంలోనే తగిన మీటను నొక్కాలి. మరుసటి సంవత్సరం పాదాలతో ఆడే ‘డ్యాన్స్ డ్యాన్స్ రెవల్యూషన్’, 2001లో నామ్‌కో సంస్థ వారి డోలు ఆట ‘తైకో నో తత్సుజిన్’ వెలువడ్డాయి.

నేడు ఇటువంటి ఆటలను ఇంటి కంప్యూటరులో ఆడుకునే యువకులున్నారు. ఒక యంత్రం మరొక యంత్రంలా నడుచుకునేలా చేసే ప్రోగ్రామును ఎమ్యులేటర్ అంటారు. 1997లో మొదలైన ‘మేమ్’ వీటిలో ప్రసిద్ధమైనది. యంత్రాలు తుప్పుపట్టి పోయినా వాటి పనితీరు లోకానికి దక్కాలన్నది దాని ఆశయం.

అయితే లయ ఆటల విషయంలో ఒక చిక్కు ఉంది. వీటిలో బొమ్మను, శబ్దాన్ని అనుకరిస్తే చాలదు. కాలాన్ని కూడా అనుకరించాలి. సెకనుకు 60 సార్లు మారే తెరపై ఒక్కొక్క చిత్రం నిలిచేది సుమారు 17 మిల్లీసెకన్లు మాత్రమే. కంప్యూటరు ధ్వనిని కొంత కొంతగా పోగుచేసి వినిపిస్తుంది. సెకనుకు 44,100 నమూనాల చొప్పున సాగే ధ్వనిలో 2,048 నమూనాలను పోగుచేస్తే 46 మిల్లీసెకన్ల ఆలస్యం. 256కు తగ్గిస్తే 6 మిల్లీసెకన్ల లోపే. బ్లూటూత్ ఇయర్‌ఫోన్లు వాడితే ఆలస్యం మరింత పెరుగుతుంది. కనుక తీగ ఉన్నవే మేలు.

ఆలస్యం ఎప్పుడూ ఒకే తీరుగా ఉంటే, పట్టీల రాకను ఆ మేరకు జరిపి సరిచేయవచ్చు. కానీ ‘బీట్‌మేనియా’లో మీట నొక్కినప్పుడే ఆ స్వరం పలుకుతుంది. అక్కడ పట్టీని జరిపినా, వేలి వెనుక ధ్వని వెనుకబడే ఉంటుంది. ఆ ఎడాన్ని తగ్గించడమే తప్ప దాచే ఉపాయం లేదు.

ఇంతకంటే పెద్ద ప్రశ్న మరొకటి ఉంది. ఎమ్యులేటర్ ఒక పనిముట్టు మాత్రమే. అందులో నడిచే ఆట, దానిలోని పాటలు ఇతరుల శ్రమఫలం. ‘మేమ్’ ఉచితంగా లభించినంత మాత్రాన కొనామీ ఆట కూడా ఉచితమైపోదు. యంత్రం మూలబడిందని చెప్పి దాని హక్కుదారు లేడనుకోవడం తగదు. ఆటను భద్రపరచాలన్న తపన మెచ్చదగినదే. కానీ అనుమతి లేని నకళ్లన్నింటికీ దానిని ముసుగుగా వాడుకోరాదు.

అనుమతితో ఆడే దారులు లేకపోలేదు. కొనామీ సంస్థయే జపానులో ‘బీట్‌మేనియా టూ డీఎక్స్ ఇన్ఫినిటాస్’ను కంప్యూటరు కోసం నెలసరి రుసుముపై అందిస్తోంది. ‘స్టెప్‌మేనియా’ అనే లయ ఆట ప్రోగ్రాము ఉచితం. దాని మూల సంకేతం కూడా అందరికీ అందుబాటులో ఉంది. అందులో చేర్చుకునే పాటలకు మాత్రం రచయితల అనుమతి ఉండాలి.

ఇంటి పెద్దలు ఈ ఆటలను చూసి వెంటనే విసుక్కోనవసరం లేదు. ‘ఈ ఆట నీకు ఎక్కడిది? పంచడానికి దాని హక్కుదారు ఒప్పుకున్నాడా?’ అని పిల్లవాణ్ణి పక్కన కూర్చోబెట్టుకుని అడగండి. మిల్లీసెకన్ల తేడాను పట్టుకోగల పిల్లవాడికి, సొంత సొమ్ముకూ పరుల సొమ్ముకూ గల తేడా తెలియకపోదు.