గాడెవలు బిడ్డా?

అడ్డరోడ్డు ముచ్చట – మంజీర

కామారెడ్డి బస్టాండులో ఎల్లారెడ్డి పోయే పల్లెవెలుగు ఎక్కితే సీటు దొరకడం ఈ మధ్య గొప్ప సంగతి. 2023 డిసెంబరు 9 నుంచి ఆడవాళ్లకు టికెట్ డబ్బుల్లేవు కదా, కాలేజీ పిల్లలు, దవాఖానాకు వచ్చి పోయేవాళ్లు, బీడీలు అప్పజెప్పి వచ్చే అమ్మలు, బస్సంతా వాళ్లే. నిరుడు చలికాలంలో అట్లాంటి బస్సులోనే తాడ్వాయి దాకా నిలబడి, తర్వాత వెనక సీట్లో ఎట్లాగో ఇరుక్కున్నాను. పక్కన ఇంటర్ చదివే వయసు పిలగాడు. ఫోన్ అడ్డంగా పట్టుకుని రెండు బొటనవేళ్లతో బీజీఎంఐ అనే తుపాకుల ఆట ఆడుతున్నాడు. చెవుల్లో ఏమీ పెట్టుకోలేదు. తుపాకి మోతలు, అడుగుల చప్పుడు, వాటన్నిటి మీదుగా ఒక మగగొంతు. ఆ గొంతు హిందీలో మాట్లాడుతోంది. మాట్లాడిన దాంట్లో మూడొంతులు తల్లుల మీద, అక్కచెల్లెళ్ల మీద.

ముందు సీట్లో తునికాకు మూట ఒళ్లో పెట్టుకున్న పెద్దమ్మ వెనక్కి తిరిగింది. మా దిక్కు ఆ మాటలకు తర్జుమా అక్కర్లేదు.

"ఏంది బిడ్డా, గా తిట్లు?"

"నేను గాదు పెద్దమ్మా, గాడు తిడుతుండు."

"గాడెవలు బిడ్డా?"

"ఎవడో ర్యాండమ్."

"రాండమా? ఏ ఊరోడు?"

బస్సు నవ్వింది. పిలగాడి ముఖం ఎర్రబడింది. ఆటలో నలుగురు కలిసి ఒక జట్టు. దోస్తులు లేకుండా ఒంటరిగా దిగితే మిగతా ముగ్గురిని కంప్యూటరే ఎక్కడి నుంచో తెచ్చి కలుపుతుంది. వాళ్లను ర్యాండమ్‌లు అంటారు. ఊరూ పేరూ తెలియని ఆ ముగ్గురి గొంతులు నేరుగా మన చెవిలోకి వస్తాయి. పెద్దమ్మకు ఇదంతా ఎవరు చెప్తారు! ఆమె తన లెక్కన తాను తేల్చేసింది: "ఊరు తెల్వనోని తిట్లు మేమెందుకు పడాలె? ఆవాజ్ బంద్ చెయ్."

"బంద్ చేస్తే ఫుట్‌స్టెప్స్ వినరావు పెద్దమ్మా. సస్త."

వాడు చెప్పింది నిజమే. ఆ ఆటలో కంటి కన్నా చెవి ముఖ్యం. గోడ అవతల ఎవడు నడుస్తున్నాడో, తుపాకి ఏ దిక్కు పేలిందో వినకపోతే బతకలేరు. అప్పుడు పక్కన కమ్మీ పట్టుకుని నిలబడ్డ అమ్మాయి, కాలేజీ బ్యాగు భుజానికి ఉంది, వంగి వాడి ఫోన్ మీద ఒక మూల వేలు పెట్టింది. స్పీకర్ బొమ్మ మీద గీత పడింది. గొంతు ఆగిపోయింది. అడుగుల చప్పుడు మాత్రం అట్లాగే వస్తోంది.

"గిట్ల చెయ్యరాదు? నడక వినస్తది, వాడు వినవడడు."

పిలగాడికి ఆ మీట సంగతి తెలియక కాదు. గొణిగాడు: "మ్యూట్ చేస్తే భయపడ్డడు అనుకుంటరు అక్కా."

"అనుకుంటే అనుకోని. మనింటికొస్తడా?"

ఈ వారం ముచ్చటంతా ఆ ఒక్క వేలి గురించే.

ఆ అమ్మాయి లింగంపేటలో దిగింది. దిగేలోపు నాలుగు మాటలు చెప్పింది. తానూ ఆడుతుందట, మేనమామ కొడుకుల దగ్గర నేర్చుకుంది. ఆటలో పేరు చూస్తే ఆడో మగో తెలియకుండా పెట్టుకుంది. మైక్ ఎన్నడూ తెరవదు. ఒక్కసారి తెరిచి "ఇటు రండి" అన్నందుకు ఆట మొత్తం "లడ్కీ హై క్యా" అనే విచారణే నడిచిందట. ఒకడు నంబరు అడిగాడు. ఒకడు వంటింట్లోకి పొమ్మన్నాడు. మూడోవాడు ఏమీ అనలేదు, నవ్వాడంతే. అప్పటి నుంచి ఆమె పటం మీద గుర్తు పెట్టి దారి చూపిస్తుంది, ముందే రాసి ఉన్న చిన్న చిన్న సందేశాలు నొక్కుతుంది, నోరు మాత్రం విప్పదు. ర్యాంకు మాత్రం ఆ పిలగాడి కంటే పైనే. ఆ సంగతి చెప్పేటప్పుడు కొంచెం నవ్వింది.

మ్యూట్ అని ఒకే మాట వాడుతున్నాం గానీ అందులో రెండు పనులున్నాయి. ఎదుటివాడి నోరు నా చెవిన పడకుండా చేసుకోవడం ఒకటి. నా నోరు నేనే కుట్టుకోవడం ఇంకోటి. మొదటిది నా హక్కు. రెండోది నాకు పడిన జుర్మానా. బస్సులో పిలగాడు మొదటిది వాడుకోవడానికి సిగ్గుపడుతుంటే, అమ్మాయి రెండోది రోజూ కడుతోంది.

జుర్మానా ఆడపిల్లలకే అనుకోకండి. మన యాస కూడా కడుతుంది. జట్టులో తెలుగువాళ్లు పడ్డారని సంబరపడి మన పోరడు "అన్నా, గిటు రా, గా ఇంట్ల ఉన్నడు" అన్నాడనుకోండి, అవతలి నుంచి ఎవడో ఒకడు "గిటు రా" అని వెక్కిరిస్తాడు. రెండు మూడు సార్లయ్యాక వీడు హిందీలోకి దూకుతాడు. టెన్త్ హిందీ పరీక్ష గట్టెక్కడానికి కిందా మీదా పడ్డ పోరలు ఈ ఆటలో హిందీ తిట్లు మాత్రం తప్పులేకుండా పలుకుతారు. ఏ సారు నేర్పాడో చెప్పనక్కర్లేదు.

ఆటలో గొంతుకు చోటే ఉండొద్దని నేను అనను. గొంతే ఆటగా ఉన్న ఆట మనదే కదా. చెడుగుడులో అవతలి గీత దాటి పోవడాన్ని మనం 'కూతకు పోవడం' అంటాం. పరుగు పేరుతో కాదు, పట్టు పేరుతో కాదు, గొంతు పేరుతో పిలుచుకున్నాం. కూత మొదలుపెట్టి గీత దాటాలి, ఊపిరి విడవకుండా పలకాలి, అందరికీ వినపడేట్టు పలకాలి. కూత తెగితే ఆట పోయినట్టే. గొంతు ఎక్కడ మొదలవ్వాలి, ఎక్కడ ఆగాలి, ఏ మాట పలకాలి, అన్నిటికీ కట్టుబాటు ఉంది. మైదానంలో తిట్లు లేవని అబద్ధం చెప్పను. కావలసినన్ని ఉండేవి. కానీ తిట్టినవాడి ఇల్లు అందరికీ ఎరుకే. పొద్దుగూకేసరికి ముచ్చట వాళ్లమ్మ దాకా పోయేది, మిగతాది ఆమె చూసుకునేది. ర్యాండమ్‌కు వాళ్లమ్మ ఉంటుంది గానీ ఆమె దాకా పోయే దారి లేదు. 'ఏ ఊరోడు' అని పెద్దమ్మ అడిగింది ఆ దారి కోసమే. బస్సు నవ్వింది గానీ, అడగాల్సిన ప్రశ్న అదే.

ఊరు లేనివాడి నోటికి కట్టు ఎట్లా? ఆటలు తయారుచేసేవాళ్లు దీనితో చాలాకాలంగా కుస్తీ పడుతున్నారు. లీగ్ ఆఫ్ లెజెండ్స్ అనే ఆటను నడిపే రయట్ సంస్థ ఒక చిన్న పని చేసి చూసింది. రెండు జట్ల మధ్య రాతల సంభాషణను మొదటే మూసి ఉంచింది. నిషేధించలేదు. కావాలనుకున్నవాడు సెట్టింగుల్లోకి పోయి తెరుచుకోవచ్చు. ముందు వారంతో పోల్చి చూస్తే తిట్లు దాదాపు మూడో వంతు తగ్గాయి. విచిత్రం ఏమిటంటే, మాట్లాడుకునేవాళ్లు మాత్రం తగ్గలేదు. ఈ లెక్కను ఆ సంస్థ మనిషి 2013లోనే ఆట తయారీదారుల సభలో చెప్పాడు. నాకు తెలిసి ఈ విషయంలో ఇంతకన్నా తేటైన సాక్ష్యం లేదు. చాలామంది తిట్టేది తిట్టాలని వచ్చి కాదు, తలుపు బార్లా తెరిచి ఉంది గనుక. మధ్యలో రెండు మెట్లు పెడితే ఎక్కి వచ్చి తిట్టే ఓపిక అందరికీ ఉండదు. అయినా అదే సంస్థ 2021 అక్టోబరులో ఆ ప్రత్యర్థుల సంభాషణను కొన్నాళ్లపాటు పూర్తిగానే ఆపేయాల్సి వచ్చింది. అంటే మెట్లతోనే అంతా అయిపోదు, అదీ నిజమే.

మాటే అక్కర్లేదు, మొహం చాలు కాల్చుకు తినడానికి. క్లాష్ రొయాల్ పోరులో ఎదుటివాడితో సొంత మాటలు మాట్లాడే వీలు లేదు, నవ్వే రాజు, ఏడ్చే రాజు లాంటి బొమ్మలున్నాయి. గెలుస్తున్నవాడు ఆ నవ్వే రాజును పదే పదే పంపి ఓడిపోయేవాడిని ఉడికించేవాడు. మ్యూట్ ఇవ్వమని ఆడేవాళ్లు మొత్తుకుంటే, ఉడుకుబోతుతనం కూడా ఆటలో భాగమేనన్న ధోరణిలో సంస్థ మొదట కాదంది. 2016లోనే దిగివచ్చి మీట పెట్టింది. 2019లో వచ్చిన అపెక్స్ లెజెండ్స్ ఇంకో దారి పట్టింది. గొంతు లేకుండానే 'ఇక్కడ శత్రువు', 'ఇక్కడ తూటాలు' అని ఒక్క వేలితో చూపించే ఏర్పాటును ఎంత చక్కగా చేసిందంటే, మైక్ లేనివాడు కూడా జట్టులో సరిసమానంగా ఆడగలిగాడు. లింగంపేట అమ్మాయి బీజీఎంఐలో తనకు తానుగా కుదుర్చుకున్న పద్ధతి అదే.

మిషన్‌కు అప్పజెప్పే దారి కూడా ఉంది. కాల్ ఆఫ్ డ్యూటీ వాళ్లు 2023లో గొంతులు విని తిట్లు పట్టుకునే కృత్రిమ మేధను తెచ్చారు, మొదట ఇంగ్లీషుకు. ఆ ఏడాది నవంబరులో ప్రపంచమంతా విస్తరించినప్పుడు ఆసియాను పక్కన పెట్టారు. వచ్చినా నాకు పెద్ద ఆశ లేదు. "నీ యవ్వ" అనే మాట మా దగ్గర ఒకసారి తిట్టు, ఒకసారి ఆశ్చర్యం, దోస్తుల మధ్య ముద్దు. ఏది ఏదో ఆ పక్కన కూర్చున్నవాడికే తెలుస్తుంది. అందుకే మీట వినేవాడి చేతిలో ఉండాలంటాను.

మైక్ మొత్తానికే తీసెయ్యాలనేవాళ్లున్నారు. వాళ్లతో నాకు పడదు. కారణం దుబాయి. కామారెడ్డి, ఎల్లారెడ్డి పల్లెల్లో గల్ఫ్ పోని ఇల్లు వెతకాలి. దుబాయిలో వాట్సాప్‌లో రాతలు పోతాయి గానీ గొంతు కలవదు, అక్కడి ప్రభుత్వం ఇంటర్నెట్ కాల్స్‌ను ఆపేసింది. నాకు తెలిసిన ఇద్దరు అన్నదమ్ములున్నారు. అన్న దుబాయిలో మేస్త్రీ పని, తమ్ముడు ఇక్కడ డిగ్రీ. అప్పట్లో శుక్రవారం అన్నకు సెలవు. ఆ రోజు ఇద్దరూ పబ్‌జీలో దిగి, ఆ ఆట పటంలోని పోచింకీ ఊళ్లో ఏదో ఇంట్లో నక్కి కూర్చుని, అమ్మ మోకాళ్ల నొప్పులు, బోరు బావిలో నీళ్లు, అప్పు మీద మిత్తి, అన్నీ మాట్లాడుకునేవాళ్లు. శత్రువు వచ్చి కాల్చేస్తే మళ్లీ కొత్త ఆట, మళ్లీ అదే ముచ్చట. 2020 సెప్టెంబరు 2న కేంద్రం 118 యాప్‌లను ఆపేసింది, వాటిలో పబ్‌జీ మొబైల్ ఒకటి. చైనా మీది కోపం అది, వీళ్ల శుక్రవారం మీద కాదు. అయినా పోయింది మాత్రం శుక్రవారమే.

అప్పటి నుంచి తాళాలు వేయడం, తీయడం. 2021 జులైలో అదే ఆట బీజీఎంఐ పేరుతో తిరిగొచ్చింది. 2022 ఫిబ్రవరిలో ఫ్రీ ఫైర్ అనే ఆట పోయింది. ఆ జులైలో బీజీఎంఐ స్టోర్ల నుంచి మాయమైంది, 2023 మేలో మళ్లీ వచ్చింది. రక్తం రంగు మార్చారు. 18 ఏళ్ల లోపువాళ్లకు రోజుకు 3 గంటలన్నారు. 2025 ఆగస్టులో ఆన్‌లైన్ గేమింగ్ చట్టం వచ్చింది, దాని చూపు ముఖ్యంగా డబ్బు పెట్టి ఆడే ఆటల మీద. ఆ చట్టం కావలసిందే. రమ్మీలో చెరువు కింది మడి పోగొట్టుకున్న కుటుంబాలు మన దగ్గర ఉన్నాయి. కానీ ఇన్ని తాళాల మధ్య మైక్ సంగతి ఎవరికీ పెద్దగా పట్టలేదు. రక్తం రంగు చూసి పిల్లలు చెడిపోతారని భయపడ్డవాళ్లకు, పదమూడేళ్ల పోరడి చెవిలో తెలియని మగాడు అర్ధరాత్రి ఏం మాట్లాడుతున్నాడో అనే భయం ఎందుకు రాలేదో నాకు అర్థం కాదు. తిట్లే కాదు, "ఐడీ పాస్‌వర్డ్ చెప్పు, యూసీ వేస్తా" అని, ఆటలో వాడే డబ్బులైన యూసీల ఆశ చూపి, తియ్యగా మాట్లాడి ఖాతా ఎత్తుకుపోయేవాడు కూడా ఆ మైక్ లోంచే వస్తాడు.

కాబట్టి ఆటల కంపెనీలను నేను అడిగేది ఒక్కటే. తెలియనివాళ్లతో కలిపినప్పుడు మైకూ స్పీకరూ రెండూ మూసి ఇవ్వండి. దోస్తులతో దిగితే తెరిచి ఇవ్వండి. కావాలన్నవాడు తెరుచుకుంటాడు. ఇప్పుడు మూసుకునే భారమంతా తిట్టు తిన్నవాడి మీద ఉంది, అదీ తిట్టు తిన్న తర్వాత.

తల్లిదండ్రులకు: ఫోన్ గుంజుకునే ముందు ఒక్కసారి ఆట తెరిపించి, ఆ స్పీకర్ బొమ్మ, మైక్ బొమ్మ ఎక్కడున్నాయో పిల్లలనే చూపించమనండి. మ్యూట్ చేస్తే ఆట చప్పుడు పోదు, మనిషి గొంతే పోతుంది, ఈ తేడా వాళ్లకు తెలుసని మీకూ తెలియాలి. ఆటలో ఎవరైనా ఫోటో అడిగినా, బెదిరించినా, పిల్లలు మీకు చెప్పగలిగేలా ఉండాలి. చెప్తే ఫోన్ పోతుందన్న భయంతోనే చాలామంది చెప్పరు. 1098 పిల్లల సహాయ నంబరు, 1930 సైబర్ నేరాలది. పోలీసుల షీ టీమ్స్ మన జిల్లాలోనూ ఉన్నాయి.

బస్సు ఎల్లారెడ్డి చేరేలోపు మధ్యలో సిగ్నల్ తెగి పిలగాడి ఆట ఎట్లాగూ పోయింది. దిగేటప్పుడు పెద్దమ్మ వాడినే పిలిచి తునికాకు మూట కిందికి దించమంది. వాడు దించాడు.

కంపెనీలు నా మాట వినేదాకా, పల్లెవెలుగులో ఆడే తమ్ముళ్లూ, ఇయర్‌ఫోన్లు పెట్టుకోండి.