మన తండాకు స్వాతంత్ర్యం ఏ తారీఖున వచ్చింది?

పోస్టు కొంచెం పెద్దదే, ఓపికతో చదవండి.

మొన్న ఆగస్టు 15న మా హాస్టల్‌లో జెండా ఎగరేసినంక ఒక పెద్దసారు మాట్లాడిండు. మీ తాతలు తెల్లదొరలను తరిమికొట్టిన్రు అన్నడు. చప్పట్లు కొట్టినం, మిఠాయి తిన్నం. రాత్రి రూములో మాట్లాడుకుంటే తేలిందేందంటే, మా ఎనిమిది మందిలో ఏ ఒక్కరి తాత గానీ ముత్తాత గానీ తెల్లదొరను కళ్లతో చూసినట్టు ఇంట్లో ఎవరూ చెప్పలేదు. మా ఇండ్లల్లో చెప్పే కథల్లో దొర ఉన్నడు. ఆయన గడీలో ఉండే దొర.

అట్లని బ్రిటిష్ రాజ్యానికీ మన తండాలకూ సంబంధం లేదనుకోవద్దు. 1798లో నిజాం ఈస్టిండియా కంపెనీతో సైన్య సహకార ఒప్పందం చేసుకున్నడు. సికింద్రాబాద్‌లో వాళ్ల దండు దిగింది. 1858లో కంపెనీ పోయి రాణి పాలన వచ్చింది, దండు మాత్రం కదలలేదు. నిజాం గద్దెకు ఆ దండు కాపలా, దేశ్‌ముఖ్‌కు నిజాం అండ, ఆ దేశ్‌ముఖ్ కింద మన తండా. వెట్టికి రమ్మని కబురొస్తే ఇంటికొక మనిషి పోవాలె, కూలి లేదు. లండన్ పేరు వినని మనిషి కూడా లండన్ రాజ్యం బరువు మోసిండు. ఇది మా హిస్టరీ పుస్తకంలో రెండు వేర్వేరు పాఠాలుగా ఉంది, మధ్యలో దారం లేదు.

అందుకే ఏజెన్సీ పోరాటం వేరు, మనది వేరు అనిపిస్తుంది. 1922లో అల్లూరి సీతారామరాజు, గాం గంటం దొర, మల్లుదొర మన్యంలో లేచినప్పుడు వాళ్ల ఎదురుగా ఉన్నది నేరుగా బ్రిటిష్ పోలీసు, ఎందుకంటే అది మద్రాసు ప్రెసిడెన్సీ. జోడేఘాట్‌లో కుమ్రం భీం ఎదురుగా నిలబడ్డది నిజాం పోలీసు, 1940లో వాళ్ల కాల్పుల్లోనే చనిపోయిండు. కానీ రెండు చోట్లా కొట్లాట అడవి కోసం, భూమి కోసం.

ఇక మన వైపు. తిరుమలగిరి నుంచి జనగామ రోడ్డు పడితే దేవరుప్పుల మండలం వస్తది. ఆ మండలంలోనే కడవెండి, 1946 జూలై 4న దొడ్డి కొమురయ్యను కాల్చి చంపిన ఊరు. ఆ మండలంలోనే ధర్మాపురం. విసునూరు దేశ్‌ముఖ్ లంబాడీల భూముల మీద కన్నేస్తే, జాటోత్ ఠాను నాయక్ ముందుండి తండావాళ్లను నిలబెట్టిండు. కొమురయ్య పేరు మాకు బళ్లో తెలిసింది. ఠాను పేరు డిగ్రీకి వచ్చినంక, అదీ గ్రూప్-2 చదివే ఒక అన్న చెప్తే తెలిసింది. గంట బస్సు దూరంలో ఉన్న మనిషి పేరు ఇరవై ఏండ్లకు తెలియడం సిగ్గనిపించింది.

తారీఖులు చూడండి. 1947 ఆగస్టు 15న బ్రిటిష్ రాజు అధికారం పోయింది. నిజాం నేను ఎటూ కలవను, స్వతంత్రంగా ఉంటానన్నడు. నవంబర్‌లో భారత ప్రభుత్వంతో యథాతథ ఒప్పందం. అవతల ఊళ్లల్లో రజాకార్లు. 1948 సెప్టెంబర్ 13న సైన్యం వచ్చింది, 17న నిజాం లొంగిపోయిండు. ఇంతవరకు అందరికీ తెలుసు. ఠాను నాయక్‌ను చంపింది ఎప్పుడు? 1950లో. అప్పటికి రజాకార్లు లేరు, రాజ్యాంగం కూడా అమల్లోకి వచ్చింది. అదే 1950లో నిజాం హైదరాబాద్ రాష్ట్రానికి రాజప్రముఖ్‌గా కూసున్నడు. ఒకే ఏడాది, రాజుకు పదవి, దున్నేటోనికి చావు. ఇది చదివిన రోజు మేము రూములో చాలాసేపు మాట్లాడలేదు.

సెప్టెంబర్ 17 వస్తుంది. మళ్లా ఒకరు విమోచన అంటరు, ఒకరు విలీనం, ఒకరు సమైక్యత, ఇంకొకరు ప్రజాపాలన. పేరు మీద కొట్లాడే వాళ్లు కొట్లాడనీ. మా అభిప్రాయం ఏందంటే, మన యువత ఆ కొట్లాటలో ఏదో ఒక పక్క జెండా పట్టుకునే ముందు ఒకటి అడగాలె: ఆ తారీఖు తర్వాత మన తండాలో వెట్టి ఎప్పుడు ఆగింది, భూమి ఎవరి పేరు మీదికి పోయింది?

కొందరు దోస్తులు అంటున్నరు, ఠాను నాయక్ కమ్యూనిస్టుల మనిషి, మన గ్రూపుల ఎందుకని. పార్టీ మనిషే. తండా మనిషి కూడా. ఇంకొకరు, పాత కథలు నౌకరీ ఇస్తయా అన్నరు. ఇయ్యవు. కానీ మన తండాలు గ్రామపంచాయతీలు అయింది 2018 చట్టంతో, నిన్నగాక మొన్న. రేపు ఆ పంచాయతీలో కూర్చునేది మనమే. పాత పహాణీలో ఎవరి పేరుంది, ఎట్ల మారింది అని అడగడం తెలియకపోతే సర్పంచ్ కుర్చీలో కూర్చుని కూడా సంతకం మాత్రమే పెడతం.

మాలో ఒక తమ్ముడి దాదికి తొంభై దాటినయి. గడీకి నెయ్యి మోసిన సంగతి గోర్ బోలీలో చెప్తది, పాట లెక్క. పోయిన సెలవుల్లో రికార్డు చేద్దామనుకుని చేయలే, ఫోన్ ఛార్జింగ్ లేదని వాయిదా వేసినం. ఇప్పుడు ఆమెకు సగం యాదికి లేదు. 1948లో పదిహేనేళ్లున్నోళ్లు ఇప్పుడు ఎంతమంది మిగిలిన్రో లెక్క వేసుకోండి.

దసరా సెలవులకు అందరం ఇండ్లకు పోతున్నం. మీ తండాలో అంత పెద్దమనుషులు ఎవరైనా ఉంటే, తండా పేరు కింద రాయండి. తిరుమలగిరి, తుంగతుర్తి, దేవరుప్పుల వైపు తండాలకు మేమే ఇద్దరిద్దరం వస్తం. బస్సు ఛార్జీలు మావే, రాత్రికి జొన్నరొట్టె పెడితే చాలు.