కోశాక ద్రాక్ష తీపెక్కదు



పుల్లటి ద్రాక్షను రెండు రోజులు ఇంట్లో ఉంచితే తీపెక్కుతుందని మీ పత్రిక గత సంచికలో రాశారు. ఆ మాట ఒప్పుకోలేను. మామిడిలా, అరటిలా ద్రాక్ష కోశాక మాగదు; తీగ మీద పట్టిన తీపే మనకు దక్కేది. నల్లవన్నీ తీయనివనడమూ సరికాదు. రంగు తోలుది, తీపి గుజ్జుది.

ఒకప్పుడు హైదరాబాద్ చుట్టుపక్కల తోటల్లో విరివిగా పండిన అనాబ్-ఎ-షాహి గింజలున్న పెద్ద పండు. రసం ఎక్కువ, తీపి మితం. నాకు మాత్రం ఇప్పటికీ అదే ఇష్టం. థాంప్సన్ సీడ్‌లెస్ బాగా పండితే దానికన్నా తీయన, తీపి కొలతలో 20 బ్రిక్స్ దాటుతుంది. పచ్చిగా కోస్తే అదీ పులుపే.

ఆకుపచ్చ ద్రాక్ష కొనేటప్పుడు లేత పసుపు తిరిగిన గుత్తి ఎంచుకోండి. బండివాడు పైనుంచి తెంపి ఇచ్చిన పండు కాదు, గుత్తి కొసనున్నది అడిగి రుచి చూడండి. చివరగా పండేది అదే.

– ఒక పాఠకురాలు, హైదరాబాద్