ప్రతిభకు వెల దానంతట అదే వచ్చిందా? 88 నంబరు చొక్కా లెక్క

ఈసారి కొంచెం పొడుగుగా రాస్తున్నాం. ఓపిక ఉన్నవాళ్ళు కాఫీ పెట్టుకుని చదవండి.

పోయిన వారం మన గ్రూపులో ఒక ఫొటో తిరిగింది. అమెరికాలో ఉన్న మన పిల్లలెవరో పంపినది. కాన్సాస్ సిటీ చీఫ్స్ జట్టు ఆటగాడు ట్రావిస్ కెల్సీ, ఎర్ర చొక్కా, 87 నంబరు. 2024లో రెండేళ్ళకు 3 కోట్ల 42 లక్షల డాలర్ల పైచిలుకు ఒప్పందం చేసుకున్నాడనీ, టైట్ ఎండ్ ఆడేవాళ్ళలో అప్పటికి అదే అందరికన్నా పెద్ద జీతమనీ కింద రాశారు. అంతవరకూ నిజమే. దాని కింద మన సభ్యులొకరు తీర్పు చెప్పారు: ప్రతిభ ఉన్నవాడికి వెల దానంతట అదే వచ్చి పడుతుందట, యూనియన్లూ కోర్టులూ చేతకానివాళ్ళకేనట. నలభై లైకులు పడ్డాయి.

ఆ నలభైలో మేము లేము. మేమంటే రైల్వేలో గుమాస్తాలుగా చేసి రిటైరైన అయిదుగురం. బడిలో తమిళం చదివి, తెలుగు అక్షరాలు ఇంట్లో పెద్దవాళ్ళ దగ్గర దిద్దుకున్నవాళ్ళం. ఫుట్‌బాల్ పండితులం కాము. కానీ రిజిస్టరు చదవడం వచ్చు. ఏది ఎవరి పేరున జమ పడింది, ఖర్చు ఎవరి పేరున పడింది అని వెతికే అలవాటు సర్వీసంతా చేసినది, రిటైరైనా పోలేదు. ఆ కళ్ళతో చూస్తే కెల్సీ జీతం వెనక ఇంకో టైట్ ఎండ్ కట్టిన బాకీ ఉంది. ఆయన పేరు జాన్ మ్యాకీ. చొక్కా నంబరు 88. మన గ్రూపులో ఆయన ఫొటో ఎవరూ పంపలేదు.

ముందు టైట్ ఎండ్ అంటే ఏమిటో చెప్పుకుందాం. అమెరికన్ ఫుట్‌బాల్‌లో బంతి చేతిలో ఉన్న జట్టు ముందు వరుసలో అయిదుగురు భారీ మనుషులు గోడలా నిలబడతారు. ఆ గోడ చివర ఆనుకుని నిలబడేవాడే టైట్ ఎండ్. ఒకసారి ఎదుటివాణ్ణి ఒళ్ళు అడ్డంపెట్టి ఆపాలి, మరోసారి అక్కణ్ణుంచే పరుగెత్తి బంతి పట్టాలి. మన చెడుగుడులో పట్టేవాడూ వాడే, కూతకు వెళ్ళేవాడూ వాడే అయితే ఎలా ఉంటుందో అలా. క్రికెట్‌లో చెప్పాలంటే కీపింగూ చేసి చివర్లో మ్యాచ్ గెలిపించే ధోనీ. పని రెండింతలు, దెబ్బలు రెండు వైపులా.

మ్యాకీ 1941లో న్యూయార్క్‌లో పుట్టాడు. నల్లజాతి కుటుంబం, తండ్రి పాస్టరు. సిరాక్యూజ్ యూనివర్సిటీలో చదివాడు. అక్కడ ఆయన గదిలో ఉన్నవాడు ఎర్నీ డేవిస్. కాలేజీ ఫుట్‌బాల్‌లో అన్నిటికన్నా పెద్దదైన హైస్‌మన్ ట్రోఫీ అందుకున్న మొదటి నల్లజాతి ఆటగాడు. అతను ల్యుకేమియాతో 1963లో 23 ఏళ్ళకే పోయాడు. అదే ఏడాది మ్యాకీ బాల్టిమోర్ కోల్ట్స్ జట్టులో చేరాడు.

అంతకు ముందు టైట్ ఎండ్ అంటే ముఖ్యంగా అడ్డుకునే మనిషి. మధ్యమధ్య చిన్న పాస్‌లు పట్టేవాడు. షికాగోలో మైక్ డిట్కా, బాల్టిమోర్‌లో మ్యాకీ ఆ లెక్క మార్చారు. మ్యాకీ బంతి పట్టాక ఆయన్ని పడగొట్టడం ఒక్కడి వల్ల అయ్యేది కాదు. 1966లో ఆయన చేసిన టచ్‌డౌన్లు 9. అందులో 6 టచ్‌డౌన్లు 50 గజాలు, ఆపైన దూరం నుంచి వచ్చినవే. ఆ దేహంతో అంత దూరం పరుగెత్తడం అప్పటికి ఎవరూ చూసినది కాదు. పది సీజన్లలో ఆయన ఆడకుండా పోయినది ఒకే ఒక్క మ్యాచ్. మా ఆఫీసుల్లో కూడా ఇలాంటి హాజరు పట్టీ అరుదు. మొత్తం పట్టిన పాస్‌లు 331, గజాలు 5,236, టచ్‌డౌన్లు 38.

ఇక 1971 జనవరి 17, మయామీ, అయిదో సూపర్ బౌల్. ఎదుట డాలస్ కౌబాయ్స్. కోల్ట్స్ క్వార్టర్‌బ్యాక్ జానీ యునైటస్ విసిరిన బంతి సొంత జట్టువాడు ఎడ్డీ హింటన్ చేతికి తగిలి ఎగిరింది. ఆపైన డాలస్ ఆటగాడు మెల్ రెన్‌ఫ్రో వేళ్ళకు తగిలీ తగలనట్టు వెళ్ళి మ్యాకీ చేతిలో పడింది. ఆయన పరుగు తీశాడు. 75 గజాల టచ్‌డౌన్, సూపర్ బౌల్‌లో అప్పటికి అది రికార్డు. ఒకే జట్టువాళ్ళు ఇద్దరు వరుసగా బంతి తాకితే చెల్లదని ఆ రోజుల నియమం. అందుకని రెన్‌ఫ్రో వేలికి తగిలిందా లేదా అని పెద్ద గొడవ. అంపైర్లు తగిలిందనే అన్నారు. కొన్నేళ్ళకు ఆ నియమాన్నే తీసేశారు. కోల్ట్స్ 16-13తో గెలిచింది. ఆ వేలి ముచ్చట మీద రెండు గంటలు మాట్లాడగలం, కానీ ఇవాళ్టి సంగతి అది కాదు.

ఆ సూపర్ బౌల్‌కు ఏడాది ముందే, 1970లో, రెండు లీగుల ఆటగాళ్ళ సంఘాలు కలిసి ఒకటయ్యాయి. దానికి మొదటి అధ్యక్షుడు మ్యాకీ. ఆ వేసవిలోనే యజమానులు శిక్షణ శిబిరాలకు తలుపులు వేస్తే ఆటగాళ్ళు సమ్మెకు దిగారు. సమ్మె నిలిచింది కొద్ది రోజులే. పెన్షన్‌కు వేసే డబ్బు పెరిగింది. ఆటగాడు తన తరఫున బేరమాడడానికి ఏజెంటును పెట్టుకునే హక్కు కూడా ఆ ఒప్పందంలోనే వచ్చింది. ఇవాళ కెల్సీ కోట్ల కాగితం ముందు పెట్టుకుని యజమానితో మాట్లాడే ఏజెంటు ఉన్నాడే, ఆ కుర్చీ అక్కడ వేసిన సంఘానికి అధ్యక్షుడు ఎవరో మరిచిపోకండి.

అసలు కథ రోజెల్ రూల్. పీట్ రోజెల్ అప్పటి లీగు కమిషనర్. 1962లో ఆర్.సీ. ఓవెన్స్ అనే ఆటగాడు ఒప్పందం గడువు తీరాక శాన్ ఫ్రాన్సిస్కో వదిలి బాల్టిమోర్‌కు వచ్చాడు. యజమానులకు ఇది నచ్చలేదు. 1963లో కొత్త నియమం పెట్టారు: ఒప్పందం ముగిసిన ఆటగాణ్ణి ఇంకో జట్టు చేర్చుకుంటే పాత జట్టుకు నష్టపరిహారం ఇవ్వాలి. రెండు జట్లకూ కుదరకపోతే ఎంతన్నది కమిషనర్ నిర్ణయిస్తాడు. పరిహారం డబ్బు కూడా కాదు, ఆటగాళ్ళు, లేదా కొత్త ఆటగాళ్ళను ఎంచుకునే వంతులు.

మన భాషలో చెబితే ఇలా ఉంటుంది. ఒక డివిజన్‌లో కాంట్రాక్టు అయిపోయిన గుమాస్తాను ఇంకో డివిజన్ తీసుకుంటానంటుంది. సరే, చేర్చుకో, కానీ ఆ తర్వాత నీ ఆఫీసులోంచి ఎవర్ని లాగి వాళ్ళకిస్తానో నాకే తెలియాలి అంటాడు పై అధికారి. ఎవరు చేర్చుకుంటారు? తలుపు తెరిచే ఉంటుంది, గుమ్మంలో పాము ఉంటుంది.

ఈ కేసు తీర్పులో ఉన్న లెక్క మాలాంటి గుమాస్తాల కోసమే రాసినట్టుంటుంది. 1963 నుంచి 1974 వరకు ఒప్పందం గడువు పూర్తి చేసుకున్న ఆటగాళ్ళు 176 మంది. ఇంకో జట్టులో చేరగలిగినవాళ్ళు 34 మంది. ఈ 34లో 27 కేసుల్లో జట్లు తమలో తాము సర్దుకున్నాయి, 3 కేసుల్లో పాత జట్టు పరిహారం వద్దంది, మిగిలిన 4 కేసుల్లో కమిషనర్ నిర్ణయించాడు. నాలుగే కదా అని లీగు వాదించవచ్చు. ఆ నాలుగే మిగతావాళ్ళను భయపెట్టడానికి చాలు. పన్నెండేళ్ళలో, అంతమంది పెద్ద ఆటగాళ్ళలో, జట్టు మారినవాళ్ళు 34 మంది. ఈ పన్నెండేళ్ళూ ప్రతిభ ఎక్కడికి పోయింది? మన సభ్యుడి సిద్ధాంతం ప్రకారం వెల దానంతట అదే రావాలి కదా?

మ్యాకీ, ఆయనతోపాటు కొందరు ఆటగాళ్ళు లీగు మీద కేసు వేశారు. 1975 డిసెంబరులో మినెసోటాలో జడ్జి ఎర్ల్ లార్సన్ ఆ నియమం చట్టవిరుద్ధమన్నాడు. 1976లో అప్పీలు కోర్టులో కూడా ఆటగాళ్ళే గెలిచారు. కేసు పేరు ఇప్పటికీ న్యాయశాస్త్రం పుస్తకాల్లో ఉంది: మ్యాకీ వర్సెస్ ఎన్ఎఫ్ఎల్. అప్పటికి మ్యాకీ ఆటే లేదు. 1972లో శాన్ డియేగోలో చివరి సీజన్ ఆడి మానేశాడు. అంటే గెలిచిన హక్కును ఒక్కరోజు కూడా వాడుకోలేదు.

ఇక్కడ ఎదుటివాళ్ళ మాట ఒకటి ఒప్పుకోవాలి. కోర్టులో గెలిచినది సంఘం 1977 ఒప్పందంలో చాలావరకు బేరంలో వదిలేసింది. 1982లో సమ్మె, 1987లో సమ్మె, మళ్ళీ కోర్టులు. నిజంగా జట్టు మారే స్వేచ్ఛ వచ్చినది 1993లో. తీర్పుకూ దానికీ మధ్య పదిహేడేళ్ళు. కాబట్టి మేము సంఘాలకు హారతి పట్టడానికి రాయడం లేదు. 1974 రైల్వే సమ్మె కాలంలో ఇళ్ళల్లో పెద్దవాళ్ళ ముఖాలు చూస్తూ పెరిగినవాళ్ళం, సంఘం అంటే ఏమిటో, అది ఎక్కడ జారుతుందో తెలుసు. కానీ 1993 తలుపుకు మొదటి గొళ్ళెం తీసినది 1976 తీర్పే.

ఇంకో ముచ్చట. టైట్ ఎండ్ అనే హోదా జీతాన్ని ఎలా కోస్తుందో చూడండి. 2014లో న్యూ ఓర్లీన్స్ జట్టు జిమ్మీ గ్రేహమ్‌ను వదలకుండా ఫ్రాంచైజ్ ట్యాగ్ వేసింది. టైట్ ఎండ్ అయితే ఏడాదికి 70 లక్షల డాలర్ల చిల్లర. వైడ్ రిసీవర్ అయితే 1 కోటి 23 లక్షల డాలర్లు. గ్రేహమ్ అంతకు ముందు సీజన్‌లో మూడింట రెండు వంతుల ఆటల్లో గోడ పక్కన కాకుండా దూరంగానే నిలబడ్డాడు. అయినా ఆర్బిట్రేటరు, గోడకు నాలుగు గజాల లోపల ఉంటే టైట్ ఎండే అని గజం టేపు చూపించాడు. పని పై గ్రేడుది, జీతం కింది గ్రేడుది! ఇది చదివి మేము అయిదుగురం నవ్వుకున్న నవ్వు సర్వీసు చేసినవాళ్ళకే అర్థమవుతుంది.

మళ్ళీ మ్యాకీ దగ్గరికి. ఆట మానేశాక హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేరడానికి ఒక ఆటగాడి పేరు మామూలుగా పరిశీలించే గడువు అప్పట్లో పదిహేనేళ్ళు. మ్యాకీ పేరు ఒప్పుకున్నది 1992లో, పదిహేనో ఏడు, ఆఖరి అవకాశంలో. లీగు 50 ఏళ్ళ పండుగకు ఎంచిన జట్టులో టైట్ ఎండ్ ఆయనే. మరి పద్నాలుగేళ్ళు ఎందుకు ఆపారు? సంఘం పెట్టి కేసు వేశాడు కాబట్టే అని ఎవరూ కాగితం మీద రాయరు. ఫైలు కదలకుండా ఉంచడానికి కాగితం అవసరమా? ఆఫీసులు చూసినవాళ్ళకు చెప్పాలా?

ఇంతలో కోల్ట్స్ జట్టు 1984లో ఒక రాత్రి సామాను లారీలకెక్కించి బాల్టిమోర్ వదిలి ఇండియానాపోలిస్ వెళ్ళిపోయింది. హాల్ ఆఫ్ ఫేమ్ ఉంగరం అక్కడికి వచ్చి అందుకోనని మ్యాకీ బాల్టిమోర్‌లోనే అందుకున్నాడు. నాలుగు తరాలుగా వేరే రాష్ట్రంలో ఉంటూ ఊరు పేరు ఇంటిపేరులో మోసే మనకు ఈ పట్టుదల గురించి ఎవరూ వివరించక్కర్లేదు.

తర్వాతి సంగతి రాయడం కష్టం. అరవై దగ్గరపడేసరికి ఆయనకు డిమెన్షియా మొదలైంది. విమానాశ్రయంలో తనిఖీ దగ్గర వేళ్ళకున్న ఉంగరాలు, సూపర్ బౌల్‌దీ హాల్ ఆఫ్ ఫేమ్‌దీ, తీయమంటే అర్థంకాక ఎదురుతిరిగాడు. పెన్షన్ నెలకు 2,500 డాలర్లలోపే. వైద్యానికీ సంరక్షణకూ అది ఏ మూలకు? భార్య సిల్వియా ఆరోగ్య బీమా కోసం మళ్ళీ విమానంలో పరిచారికగా ఉద్యోగంలో చేరింది. వైకల్య భత్యం అడిగితే ఆట వల్లే జబ్బు వచ్చిందని రుజువు లేదన్నారు. చెప్పినది లీగూ ఆటగాళ్ళ సంఘమూ కలిసి నడిపే బోర్డు. తను పునాది వేసిన సంఘమే ఆ బల్లకు అవతలి పక్క కూర్చుంది. సంఘాలను తిట్టాలంటే ఇక్కడ తిట్టండి, మేమూ గొంతు కలుపుతాం.

సిల్వియా ఊరుకోలేదు. అప్పటి కమిషనర్ పాల్ టాగ్లియాబ్యూకు భర్త పరిస్థితి వివరిస్తూ ఉత్తరం రాసింది. దాని ఫలితమే 2007లో మొదలైన 88 ప్లాన్. డిమెన్షియా వచ్చిన పాత ఆటగాళ్ళకు సంరక్షణ కేంద్రంలో ఉంటే మొదట్లో ఏడాదికి 88,000 డాలర్ల వరకు, ఇంట్లో చూసుకుంటే 50,000 డాలర్ల వరకు ఇచ్చేవారు. పేరు ఆయన చొక్కా నంబరుదే. అప్పటికి ఆ నంబరు ఎవరిదో ఆయనకు గుర్తుండే స్థితి దాటిపోతోంది.

2011 జూలై 6న, 69 ఏళ్ళకు, మ్యాకీ పోయాడు. అప్పుడు కూడా యజమానులు ఆటగాళ్ళను బయట పెట్టి తలుపులు వేసే ఉన్నారు. లాకౌట్ ముగిసినది ఆ నెల 25న. ఆయన మెదడును బోస్టన్ యూనివర్సిటీ డాక్టర్లు పరీక్షించి, తలకు పదేపదే తగిలే దెబ్బలతో వచ్చే సీటీఈ అనే జబ్బు ఉందని తేల్చారు. రుజువు లేదన్న బోర్డుకు రుజువు దొరికింది, మనిషి పోయాక.

కెల్సీ మీద మాకు కోపం లేదు. అతను బంతి పట్టేది అతని చేతులతోనే, ఆ కష్టం అతనిదే. అతని ప్రతిభ గొప్పదే. మ్యాకీది అంతకు తక్కువా? ఒకరికి కోట్లు, ఒకరికి 2,500 లోపు. ఈ తేడాను ప్రతిభతో లెక్క కట్టి చూపించండి చూద్దాం.

2000 నుంచి అమెరికాలో ప్రతి ఏడూ కాలేజీల్లో ఉత్తమ టైట్ ఎండ్‌కు జాన్ మ్యాకీ అవార్డు ఇస్తున్నారు. తీసుకునే కుర్రాళ్ళలో చాలామంది తర్వాత లీగులోకి వెళ్ళి, ఏజెంటును పక్కన కూర్చోబెట్టుకుని సంతకం పెడతారు.

వచ్చే ఆదివారం సంఘం మీటింగుకు మేము అయిదుగురం వస్తున్నాం. 176, 34, 27, 3, 4 లెక్క కాగితం మీద రాసి తెస్తాం. తీర్పు చెప్పిన సభ్యుడు కూడా రావాలని కోరుతున్నాం. లైకు కొట్టిన నలభైమందికి కుర్చీలు వేయించమని కార్యదర్శిగారికి ఇప్పుడే చెప్పాం.