క్రీడాత్యాగం – వాసనాక్షయం

హయత్‌నగర్ నుండి ప్రతి ఉదయం దిల్‌సుఖ్‌నగర్ శిక్షణాకేంద్రాలకు బస్సులలో వెళ్ళే పోటీపరీక్షల విద్యార్థులు అనేకులు. వారిలో ఒకని పరిస్థితిని ఊహించవచ్చు. పరీక్షకు నాలుగు మాసాల గడువున్నది. రాత్రి రెండు గంటలు దాటినా అతని గదిలో వెలుతురు ఆరదు. అది చదువు వెలుతురని తల్లి మొదట సంతోషించింది. విషయం తెలిసిన రోజున, "అది తీసెయ్ బిడ్డా, నీకు దండం పెడుత" అని ప్రాధేయపడింది. కుమారుడు ఆమె ఎదుటనే ఆ వీడియో గేమ్‌ను ఫోన్ నుండి తొలగించాడు. తల్లి కళ్ళు తుడుచుకొన్నది.

పదకొండవ రాత్రి అతడు ఆ ఆటను మరల దింపుకొన్నాడు. లాగిన్ అయిన మరుక్షణమే మూడేళ్ళుగా గడించిన స్థాయిలు, ఆయుధాలు, వేషాలు, మిత్రుల పట్టిక అన్నీ యథాతథంగా ప్రత్యక్షమైనాయి. ఒక్కటి కూడా నశించలేదు. అయితే తల్లి ఎదుట అతడు త్యజించినది ఏమిటి?

ఈ ప్రశ్న ఒక్క ఇంటిది కాదు. వీడియో గేమ్‌లను, వాటిలో సేవ్ అయిన సమాచారాన్ని సమూలంగా తుడిచివేసి కొత్త జీవితం ప్రారంభించాలని సంకల్పించే యువకులు నేడు ప్రతి వీధిలోనూ ఉన్నారు. ఆ సంకల్పం ప్రశంసనీయమే. కానీ ఏది తుడిచివేస్తే ఏది పోతుందో, ఏది తుడిచినా ఏది మిగులుతుందో తెలియకుండా చేసిన త్యాగం పదకొండవ రాత్రి దాకానే నిలుస్తుంది.

వేదాంతం జీవునికి స్థూల, సూక్ష్మ, కారణములనే మూడు శరీరాలను చెప్పింది. స్థూలదేహం పతనమైనంత మాత్రాన జీవుని కథ ముగియదు. సూక్ష్మశరీరం సంస్కారాలను మోసుకొని పోతుంది. కారణశరీరం నుండి మరో దేహం అంకురిస్తుంది. ఆధునిక క్రీడానిర్మాణం ఆశ్చర్యకరంగా ఈ క్రమాన్నే తలపిస్తుంది. ఫోన్ తెరపై కనిపించే ఆట స్థూలదేహం. దానిని అన్‌ఇన్‌స్టాల్ చేయడం దేహపతనం వంటిది. ఫోన్‌లోని సమాచారానికి ఆండ్రాయిడ్ వ్యవస్థ తనంతట తానే గూగుల్ ఖాతాలో ప్రతిని దాచగలదు. ఆటను తిరిగి దింపుకొన్నప్పుడు దానిని పూర్వస్థానంలో నిలపగలదు. ఇది సూక్ష్మశరీరం. ఇక క్రీడాసంస్థ వారి సర్వర్‌లో ఆటగాని పేరిట ఉన్న ఖాతా కారణశరీరం. ఫోన్ పగిలినా, మారినా, నీట మునిగినా అది చెక్కుచెదరదు. అది ఉన్నంతకాలం ఆటకు పునర్జన్మ ఉన్నది.

కాబట్టి నిజంగా విడువదలచినవాడు మూడింటినీ గమనించాలి. ఆటను తొలగించాలి. గూగుల్ ప్లే గేమ్స్ వంటి చోట్ల దాగిన సమాచారాన్ని ఆ అమరికలలోకి వెళ్ళి చెరిపివేయాలి. చివరగా, క్రీడాసంస్థ వద్దనున్న ఖాతాను రద్దు చేయమని కోరాలి. ఖాతా సృష్టించుకొనే వీలు కల్పించిన యాప్‌లు ఖాతాను తొలగించుకొనే మార్గాన్ని కూడా చూపాలన్నది గూగుల్ ప్లే నియమం. కొన్ని ఆటలలో రద్దు కోరిన తరువాత కొన్ని దినాల వ్యవధి ఉంటుంది. ఆలోపల ఒక్కసారి లాగిన్ అయితే రద్దు రద్దవుతుంది. ఆ కొద్ది దినాలే అసలైన వ్రతకాలం.

ఇంత చేసినా పోయినది బాహ్యసామగ్రి మాత్రమే. పతంజలి మహర్షి సాధనపాదంలో క్లేశాలకు నాలుగు అవస్థలు చెప్పాడు: ప్రసుప్తం, తనువు, విచ్ఛిన్నం, ఉదారం. నిద్రిస్తున్నది, పలుచబడినది, మధ్యలో తెగినది, పూర్తిగా విజృంభించినది అని వాటి అర్థం. రాత్రి రెండు గంటలకు ఆడుతున్నవానిలో ఆసక్తి ఉదారం. తల్లి కన్నీరు చూచిన దినాన అది విచ్ఛిన్నం. పది రాత్రులూ అది ప్రసుప్తం. నిద్రించినదానిని మరణించినదని భ్రమించడమే ఇక్కడ జరిగిన పొరపాటు. వేయించిన విత్తనం మొలకెత్తదు. గాదెలో దాచిన విత్తనం వానకోసం ఎదురుచూస్తుంది. సేవ్ అయిన సమాచారం గాదె. వాసన విత్తనం. గాదెను కూల్చడం అవసరమే, కానీ విత్తనాన్ని వేయించే అగ్ని వేరు.

దీనికి దేశమంతా సాక్షిగా నిలిచిన ఉదాహరణ ఒకటి ఉన్నది. 2020 సెప్టెంబరు 2న కేంద్ర ప్రభుత్వం సమాచార సాంకేతిక చట్టంలోని 69ఏ నిబంధన క్రింద 118 యాప్‌లను నిషేధించింది. వాటిలో పబ్‌జీ మొబైల్ ఒకటి. ప్రభుత్వం చూపిన కారణం దేశ సార్వభౌమత్వం, భద్రత, వ్యసనం కాదు. అయినా ఎందరో తల్లిదండ్రులు ఆనాడు ఊపిరి పీల్చుకొన్నారు. అక్టోబరు 30న సర్వర్లు కూడా భారతీయులకు మూతపడ్డాయి. తెలుగునాట ఇంటింటా ఒకేసారి బలవంతపు క్రీడాసన్న్యాసం సంభవించింది. 2021 జూలై 2న అదే క్రీడ బీజీఎంఐ అన్న కొత్త పేరుతో వెలువడింది. పాత ఖాతాలోని సంపాదనను కొత్త ఆటలోకి బదిలీ చేసుకొనే అవకాశాన్ని కూడా సంస్థ కల్పించింది. మాసాల తరబడి సాగిన విరామం ఎవరి వాసననైనా దగ్ధం చేసిందా? సమాచారం అక్కడ నిరీక్షించింది, ఆసక్తి ఇక్కడ నిరీక్షించింది. ద్వారం తెరుచుకోగానే రెండూ కలిసిపోయాయి. బయటినుండి వచ్చిన నిషేధం విరామాన్ని ఇవ్వగలదు, వైరాగ్యాన్ని ఇవ్వలేదు.

"మొత్తం చెరిపి మొదటినుండి మొదలుపెడతాను" అనే మాటలో కూడా రెండు వేర్వేరు ఉద్దేశాలు దాగి ఉన్నాయి. ఒకడు నిష్క్రమించడానికి చెరుపుతాడు. మరొకడు అదే ఆటను మరింత నిర్మలంగా, మరింత నైపుణ్యంతో ఆడడానికి చెరుపుతాడు. రెండవది త్యాగం వలె కనిపించే పునర్జన్మ. క్రీడానిర్మాతలకు ఈ మనస్తత్వం బాగా తెలుసు. అందుకే అనేక క్రీడలలో ప్రతి సీజన్ ముగియగానే ఆటగాని ర్యాంకును వారే క్రిందికి దింపుతారు. కొత్త ఆరంభం కూడా ఆ అంగడిలో అమ్మే సరుకే.

మహాభారత సభాపర్వం ఈ విషయాన్ని ఏనాడో చూపింది. మొదటి ద్యూతంలో ధర్మరాజు సర్వస్వాన్నీ పోగొట్టుకొన్నాడు. ద్రౌపది కోరిన వరాల వలన పాండవులకు దాస్యవిముక్తి కలిగింది. ధృతరాష్ట్రుడు రాజ్యసంపదలను తిరిగి ఇచ్చివేశాడు. లెక్క అంతా సున్నకు వచ్చింది. అంతకన్న సంపూర్ణమైన నూతనారంభం ఎవరికి లభిస్తుంది? కానీ ఇంద్రప్రస్థానికి చేరకముందే మరల పిలుపు వచ్చింది, ధర్మరాజు మరల వెళ్ళాడు. అనుద్యూతం ఫలితంగా పన్నెండేళ్ళ అరణ్యవాసం, ఒక ఏడు అజ్ఞాతవాసం ప్రాప్తించాయి. పలక తుడిచి ఇచ్చినంత మాత్రాన చేయి మారలేదు.

అరణ్యవాసంలో బృహదశ్వ మహర్షి ధర్మరాజుకు నలోపాఖ్యానం వినిపించి, అక్షహృదయమనే విద్యను ఉపదేశించాడు. నలుని కథలోనూ ఋతుపర్ణుని నుండి ఆ విద్యను గ్రహించిన తరువాతనే అతని దేహంలో చిరకాలంగా నివసించిన కలి వెలికి వచ్చాడు. పాచికల మర్మం తెలిసిన చోట వాటి మాయ నిలువలేదు. ఈ కాలపు అక్షహృదయం కూడా ఒకటి ఉన్నది. ప్రతిదినం లాగిన్ అయితే బహుమతి ఎందుకు ఇస్తారు? పెట్టె తెరిచినప్పుడు ఏమి వస్తుందో ముందుగా ఎందుకు చెప్పరు? ఎప్పుడు లభిస్తుందో తెలియని ఫలం కోసం ప్రాణి మరింత పట్టుదలగా ప్రయత్నిస్తుందని బి.ఎఫ్. స్కిన్నర్ ప్రయోగాలు ఇరవయ్యవ శతాబ్దంలోనే నిరూపించాయి. తన ఆసక్తిలో ఎంత తనదో, ఎంత ఇతరులు అమర్చినదో ఆటగాడు కూర్చొని విచారించిన దినాన, విత్తనానికి మొదటి సెగ తగులుతుంది.

ఇక్కడ ఒక ఆక్షేపం రావచ్చు. మనస్సే ప్రధానమైనప్పుడు సమాచారాన్ని చెరపడం ఎందుకు? జనకమహారాజు రాజ్యం మధ్యనే విదేహుడైనాడు కదా. ఆట ఫోన్‌లో ఉన్నా ముట్టకుండుటే గొప్ప నిగ్రహం కదా? ఈ వాదం వినసొంపుగా ఉంటుంది, కానీ జనకుడు సిద్ధుడు. పరీక్షకు నాలుగు మాసాలున్న విద్యార్థి సాధకుడు. మూడేళ్ళ సంపాదన ఒక్క స్పర్శ దూరంలో ఉన్నప్పుడు, అలసిన మనస్సు దానిని కేవలం చూచి వస్తానంటుంది. సమాచారం లేనప్పుడు చూడడానికే ఏమీ ఉండదు. తిరిగి వెళితే మొదటి మెట్టు నుండి ఎక్కవలసి వస్తుందన్న ఎరుక వివేకానికి రెండు నిమిషాల వ్యవధినిస్తుంది. అనేక పతనాలకు ఆ రెండు నిమిషాలే అడ్డుకట్ట. ఇంద్రియాలకు ఆహారం లేనప్పుడు విషయాలు తొలగుతాయని, రుచి మాత్రం మిగులుతుందని, పరమును దర్శించినప్పుడు ఆ రుచి కూడా నివర్తిస్తుందని గీతాచార్యుని బోధ. అందులో మొదటి మెట్టును తక్కువచేయనక్కరలేదు, దానినే గమ్యమనుకొనకూడదు.

తుడిచే చేయి ఎవరిదన్నది అంతకన్న ముఖ్యం. పరీక్షల కాలంలో కొందరు తండ్రులు కుమారుడు నిద్రించగా ఫోన్ తీసుకొని ఆటను, ఖాతాను రహస్యంగా చెరిపివేస్తారు. ఉద్దేశం వాత్సల్యమే. కానీ ఒకని వస్తువును మరొకడు విడిచిపెడితే దానిని త్యాగమనరు, అపహరణమంటారు. ఆ ఖాతాలో ఊరు మారిపోయిన మిత్రునితో ఆడిన సాయంకాలాలు ఉండవచ్చు. తమ్మునితో కలిసి గెలిచిన మొదటి ఆట ఉండవచ్చు. పెద్దలకు అవి అంకెలు, పిల్లవానికి అవి కొన్ని సంవత్సరాలు. చెప్పకుండా చెరిపితే వ్యసనం పోదు, విశ్వాసం పోతుంది. తండ్రి పక్కన కూర్చొని, ఆ ఆటలో ఏమున్నదో ఒకసారి చూపించమని అడిగి, వినవలసినది విని, నిర్ణయాన్ని కుమారునికే విడిచిపెట్టడం కష్టమైన మార్గం. కానీ సంకల్పం ఎవరిదో ఫలమూ వానిదే.

ప్రతి క్రీడా వ్యసనం కాదన్న సత్యాన్ని కూడా మరువరాదు. సృష్టినే లీలగా దర్శించిన సంప్రదాయం ఆటను ద్వేషించదు. 2022 జనవరి 1 నుండి అమలులోకి వచ్చిన ప్రపంచ ఆరోగ్య సంస్థ రోగవర్గీకరణ సైతం ఆటపై అదుపు తప్పడం, ఇతర వ్యాపకాలన్నిటికంటె ఆటకే ప్రాధాన్యం పెరగడం, హాని కలుగుతున్నా కొనసాగించడం అనే లక్షణాలు సాధారణంగా పన్నెండు మాసాలు కనిపించినప్పుడే దానిని రుగ్మతగా పరిగణిస్తుంది. సాయంకాలం ఒక గంట ఆడి లేచిపోగలవాడు దేనినీ చెరుపవలసిన పనిలేదు. లేవలేనివానికే ఈ విచారణ. అతనికి ఇంటివారి ఓర్పుతోపాటు వైద్యుని సహాయం కూడా అవసరం కావచ్చు. అందులో లజ్జింపవలసినది లేదు.

చెరిపిన తరువాత ఏమి చేయాలి? ఋగ్వేదం పదవ మండలంలోని అక్షసూక్తంలో జూదరి ఇక ఆడనని నిశ్చయించుకొంటాడు. పాచికల సవ్వడి వినగానే నిశ్చయం చెదిరి అటే నడుస్తాడు. నేటి ఫోన్ మోగించే సూచనాధ్వని ఆ సవ్వడికి వారసురాలు. ఆ సూక్తం జూదరిని నిందించి ఊరుకోదు. పాచికలు విడిచి పొలం దున్నుకొమ్మని హితవు చెబుతుంది. ఖాళీ చేతికి నాగలిని అందించడమే వేదం చూపిన చికిత్స. పతంజలి చెప్పిన ప్రతిపక్షభావన కూడా ఆ దిశలోనిదే. రాత్రి పది నుండి రెండు వరకు ఖాళీ అయిన నాలుగు గంటలకు యజమాని ఎవరో ముందే నిర్ణయించకపోతే, పాత యజమానియే తిరిగి వస్తాడు. కొంత నిద్ర, కొంత చదువు, ఉదయం కొంత నడక, మిత్రునితో తెర లేని ముచ్చట: నేటి కృషి ఇదే.

దీనికి దృష్టాంతం హయత్‌నగర్ వాసులకు దూరంలో లేదు. ఎల్.బి.నగర్ దాటి వారి ఊరికి వచ్చే విజయవాడ రహదారి పక్కనే మహావీర్ హరిణ వనస్థలి ఉన్నది. ఒకప్పుడు అది నిజాం ప్రభువుల వేటభూమి. మనువు చెప్పిన కామజ వ్యసనాలలో మృగయ, ద్యూతం రెండూ ఉన్నాయి. ఆ మొదటి వ్యసనానికి నెలవైన నేల అది. వర్ధమాన మహావీరుని 2500వ నిర్వాణ సంవత్సర స్మృతిగా 1975లో అది జింకల సంరక్షణస్థలమైంది. ఆ భూమిని ఎవరూ చెరిపివేయలేదు. అదే నేల, అవే పొదలు, అవే కృష్ణజింకలు. మారినది దాని వినియోగం. వేటగాని చూపు స్థానంలో సంరక్షకుని చూపు వచ్చింది. మనస్సు కూడా అటువంటి నేలయే. ఆటలో రాత్రంతా నిలిచిన ఏకాగ్రత, ఓడినా మరల లేచిన పట్టుదల ఆ విద్యార్థివే. వాటిని ఏ సర్వరూ దాచలేదు, ఏ ఖాతారద్దూ చెరుపలేదు.

హయాత్ అంటే జీవితమని అర్థం. గోల్కొండ రాకుమారి హయాత్ బక్షీ బేగం పేరిట ఆ ఊరికి ఆ నామం వచ్చింది. ఆ ఊరి విద్యార్థి పన్నెండవ రాత్రి ఫోన్ చేతిలోకి తీసుకొని, ఈసారి తల్లి చూడకుండానే, ఖాతా రద్దు అన్న మాటపై వేలు ఉంచితే, దానిని పలాయనమనరాదు. గడచిన పదకొండు రాత్రులు తనకేమి నేర్పాయో తెలిసినవాని చర్య అది. ఆ తరువాత తెరపై ఏమీ మిగలదు. తెల్లవారి బస్సు మిగులుతుంది, నాలుగు మాసాల గడువు మిగులుతుంది.

స్వస్తి.