గ్రీకు నాటకమూ, మా పొలం గట్టూ

మీకు గ్రీకు వచ్చా అని ఎవరైనా అడిగితే నవ్వుతారు. నేనూ నవ్వేవాణ్ణే. కాని సైన్సు విద్యార్థులం రోజూ రికార్డుల్లో రాస్తున్నదేమిటి? తరంగదైర్ఘ్యానికి లామ్డా, కోణానికి థీటా, రేడియో ధార్మికత దగ్గర ఆల్ఫా, బీటా, గామా. ఆ 24 అక్షరాల్లో సగానికి పైగా మనకు వచ్చినట్టే. వచ్చిన అక్షరాలతో ఒక్క మాటైనా కూడబలుక్కుని చదువుదామన్న బుద్ధి మాత్రం మనకు పుట్టదు. నాకా బుద్ధి పుట్టించింది ఒక నాటకం. దాన్ని గురించి నాలుగు మాటలు చెప్పి, చివర మన యూనియన్‌కి ఒక మనవి చేసుకుంటాను.

పోయినేడు మా ఇంగ్లీషు మాస్టారొకరు "ఇది చదివి చూడవోయ్" అని సోఫోక్లిస్ రాసిన 'ఆంటిగొనీ' ఇంగ్లీషు అనువాదం చేతిలో పెట్టారు. క్రీ.పూ. 441 ప్రాంతపు నాటకం. ఆ రోజుల్లో ఏథెన్సులో వసంతకాలంలో డయొనైసస్ దేవుడి ఉత్సవం జరిగేది. కొండ వాలులో జనం కూర్చుంటే, ముఖాలకు ముసుగులు తగిలించుకున్న ముగ్గురు నటులు, ఒక గాయక బృందం కలిసి నాటకమంతా నడిపించేవారు. నాటకాలకు పోటీలు పెట్టి బహుమతులిచ్చేవారు. సోఫోక్లిస్ నూటయిరవైకి పైగా నాటకాలు రాస్తే, పూర్తిగా మనదాకా వచ్చినవి 7 మాత్రమే.

కథ చిన్నది. థీబ్స్ నగరంలో సింహాసనం కోసం అన్నదమ్ములిద్దరూ కొట్టుకుని ఒకరి చేతిలో ఒకరు చచ్చారు. వాళ్ళ మేనమామ క్రియాన్ రాజయ్యాడు. ఒకడికి లాంఛనంగా అంత్యక్రియలు జరిపించి, శత్రుసైన్యాన్ని వెంటబెట్టుకొచ్చిన రెండోవాడి శవాన్ని కుక్కలకీ గద్దలకీ వదిలెయ్యమన్నాడు. మట్టి వేసినవాళ్ళకు మరణశిక్ష. చెల్లెలు ఆంటిగొనీ వెళ్ళి అన్న మీద మట్టి చల్లింది. ఆమెను పెళ్ళాడబోయేవాడు రాజుగారి కొడుకే, మన లెక్కలో చెప్పాలంటే బావ. ఆ తర్వాత వరసగా చావులే.

చదువుతుంటే నాకు థీబ్స్ కనపడలేదు, మా ఊరు కనపడింది. మా నాన్నకీ పెదనాన్నకీ మధ్య ఒక పొలం గట్టు. మూరెడు వెడల్పు ఉంటుందో ఉండదో. దాని మీద ఎనిమిదేళ్ళు మాటల్లేవు. నేను ఇంటర్ రెండో సంవత్సరంలో ఉండగా పెదనాన్న పోయాడు. "ఆ గడప ఎవరూ తొక్కడానికి వీల్లేదు" అన్నాడు నాన్న. అమ్మ మాట్లాడలేదు. మా ఇంట్లోనే ఉంటున్న మేనత్త మాత్రం కొత్త పంచె ఒకటి చంకన పెట్టుకుని లేచింది. "ఒరే, వాడు నా తోడబుట్టినవాడు. గట్టు నా తోడబుట్టలేదు" అని నాన్నతో అనేసి వెళ్ళిపోయింది. నాకు పదిహేడేళ్ళు. నన్నెవరూ కట్టెయ్యలేదు. అయినా అరుగు మీదనుంచి లేవలేదు. చిన్నప్పుడు నన్ను భుజాన ఎక్కించుకుని పొలం తిప్పిన మనిషాయన. నాటకంలో ఆంటిగొనీకి ఒక చెల్లెలుంది, ఇస్మీనీ. "మనం ఆడవాళ్ళం, రాజుతో పెట్టుకోలేం" అని వెనక్కి తగ్గుతుంది. ఆ పిల్లని తప్పుపడదామని చూస్తే నాకు నోరు రాలేదు.

సరే, గ్రీకు ఎందుకూ, ఇంగ్లీషులో కథ తెలిసింది కదా అంటారు. అక్కడికే వస్తున్నాను. లైబ్రరీలో ఒక పేజీలో గ్రీకు, ఎదుటి పేజీలో ఇంగ్లీషు ఉన్న పుస్తకం దొరికింది. పక్కన ఒక వ్యాకరణం పెట్టుకుని నెలల తరబడి కుస్తీ పట్టాను. గ్రీకు వచ్చేసిందని చెప్పను. కాని ఇంటర్లో మార్కుల కోసం సంస్కృతం తీసుకున్న మనలాంటివాళ్ళకు ఒక పాత చుట్టం అక్కడ ఎదురవుతాడు, ద్వివచనం. గ్రీకులోనూ ఇద్దరి గురించి చెప్పడానికి వేరే రూపాలున్నాయి. నాటకం మొదట్లో ఆంటిగొనీ తననూ చెల్లెల్నీ కలిపి ఆ రూపాల్లోనే చెబుతుంది. ఇస్మీనీ రానన్న తర్వాత, తమ ఇద్దరినీ కలిపి మళ్ళీ అలా అనదని పండితులు గమనించారు. అక్కచెల్లెళ్ళ బంధం తెగిందని ఎవరూ ఉపన్యాసం ఇవ్వరు. ఒక వచనం మాయమవుతుంది, అంతే! ఇంగ్లీషుకు ద్వివచనం లేదు కాబట్టి ఆ దెబ్బ ఇంగ్లీషు చదివేవాడికి తగలదు. తెలుగుకూ ద్వివచనం లేదు. కాని మనకు 'మనం' ఉంది, 'మేము' ఉంది, 'మనిద్దరం' ఉంది. మొదట "మనిద్దరం" అన్న నోటితోనే తర్వాత "నేను వేరు, నువ్వు వేరు" అనిపిస్తే చాలు, పల్లెటూరి ముసలమ్మకైనా తెలిసిపోతుంది. అంటే ఇంగ్లీషు పోగొట్టినదాన్ని తెలుగు తిరిగి తేగలదన్నమాట!

ఇంకో మాట చూడండి. ఆ నాటకంలో మనిషి గురించి గాయక బృందం పాడే పాట ఒకటుంది. సముద్రం దాటేవాడు, ఏటేటా నేలను దున్నేవాడు, రోగాలకు మందు కనిపెట్టినవాడు, చావుకు మాత్రం మందు తెలియనివాడు అని. ఆ మనిషికి కవి వాడిన విశేషణం 'డైనోస్'. ఒక అనువాదకుడు అద్భుతం అంటాడు, ఇంకొకడు భయంకరం అంటాడు, మరొకడు వింత అంటాడు. గ్రీకులో మూడూ ఒకే మాటలో ఉన్నాయి. మా ఊళ్ళో "వాడు సామాన్యుడు కాడురోయ్" అంటారు చూశారా, అందులో మెచ్చుకోలూ ఉంటుంది, భయమూ ఉంటుంది. నాకు తెలిసినంతలో అంతకంటే దగ్గరి మాట లేదు. మా పొలంలో బోరు వేసి మొదటిసారి నీళ్ళు ఎగజిమ్మించినవాడూ మనిషే, నాలుగేళ్ళకు అది ఎండిపోయేలా ఊరంతా బోర్లు దించినవాడూ మనిషే. సామాన్యుడా మరి?

ఇక మన గైడ్లు చేసే అన్యాయం ఒకటి. విషాద నాటకం అనగానే "కథానాయకుడిలో ఒక లోపం ఉండును" అని బట్టీ పట్టిస్తాయి. అరిస్టాటిల్ అన్న మాట 'హమార్షియా'. అది గురి తప్పడం అనే అర్థమున్న క్రియలోంచి పుట్టింది. లోపం వేరు, పొరపాటు వేరు. ప్రయోగశాలలో వచ్చే పొరపాటుకు పరికరం పనికిరానిదని పారెయ్యం కదా! ఈ నాటకంలోనే గుడ్డి జోస్యుడు టైరీసియస్ వచ్చి, గురి తప్పడం మనుషులందరికీ ఉన్నదే, దిద్దుకోమని రాజుకు హితవు చెబుతాడు. అక్కడున్నదీ ఆ క్రియే. క్రియాన్ చివరికి దిద్దుకోబోయాడు కూడా. కాని గుహ దగ్గరకు చేరేసరికి ఆంటిగొనీ ఉరిపోసుకుంది.

ఈ సంగతి తెలిశాక మా నాన్నను చూసే చూపు మారింది. ఆ రోజు సాయంత్రం ఎవరికీ చెప్పకుండా ఆయన శ్మశానానికి వెళ్ళాడు. అప్పటికే అందరూ కాలవలో స్నానాలు చేసి తిరిగి వస్తున్నారట. రాత్రి అన్నం ముట్టలేదు. అంతవరకూ నా మనసులో ఆయన రాతిగుండె మనిషి. లోపం కాదు, గురి తప్పింది అనుకున్నాక, మొన్న సంక్రాంతికి ఇంటికి వెళ్ళినప్పుడు ధైర్యం చేసి, "నాన్నా, పెదనాన్న వాళ్ళింటికి వెళ్ళొస్తాను" అన్నాను. ఆయన వద్దనలేదు. రానూ లేదు. గట్టు ఇంకా అక్కడే ఉంది. నేను మాత్రం దాన్ని దాటి వెళ్ళి పెద్దమ్మ చేతి అన్నం తిని వచ్చాను.

"రైతుబిడ్డవు, భూసారం గురించి చదువుకోక ఈ గ్రీకు గోలేమిట్రా? ఉద్యోగం వస్తుందా?" అని మా రూమ్మేటు అడుగుతాడు. ఉద్యోగం రాదు, ఒప్పుకుంటాను. భూసారమూ చదువుతాను. కాని మట్టిలో నత్రజని ఎంతుందో చెప్పే శాస్త్రం, ఆ మట్టి కోసం అన్నదమ్ములు ఎందుకు విడిపోతారో చెప్పదు. అసలు ఈ రెండు చదువుల మధ్య గోడ మనం కట్టుకున్నదే. 'థియేటర్', 'థీరమ్' రెండూ చూడటం అనే అర్థమున్న ఒకే కుదురులోంచి వచ్చిన గ్రీకు మాటలు. ఒకటి చూసే చోటు, రెండోది చూసి తెలుసుకున్నది.

అనువాదాలు వద్దనడం లేదు. అవి లేకపోతే నాబోటివాడికి ఆ గుమ్మమే తెలిసేది కాదు. గుమ్మం దగ్గరే ఆగిపోవద్దంటున్నాను. అందుకే నా మనవి: వచ్చే ఏడాది యూనియన్ తరఫున వారానికొక గంట, శనివారం సాయంత్రం, ఆసక్తి ఉన్న పదిమందిమి కూర్చుందాం. సగం అక్షరాలు సైన్సువాళ్ళకు వచ్చు. ద్వివచనం సంస్కృతంవాళ్ళకు వచ్చు. ఇంగ్లీషు మాస్టార్లు దారి చూపిస్తారు. తెలుగువాళ్ళు మాట అందిస్తారు. ఒక్కొక్క మాట తూచుకుంటూ 'ఆంటిగొనీ'ని మన తెలుగులోకి తెచ్చి, కాలేజీ డే నాడు ఆడదాం.

ఆ రోజుకు మా మేనత్తను తీసుకొస్తాను. నాన్నను కూడా పిలుస్తాను.