ఇల్లు నెల్లూరులో, అప్పీలు కోల్‌కతాలో!

గోడకు అంటించిన బ్యాంకు నోటీసు చదవడానికి రెండు నిమిషాలు చాలు. ఆ గోడ కట్టడానికి మాత్రం ఒక తరం పట్టింది. విడవలూరు, ఇందుకూరుపేట, ముత్తుకూరు, కోట, వాకాడు... నెల్లూరు తీరం పొడవునా రొయ్యల గుంటలు తవ్వుకున్న రైతుకు ఈ నోటీసే పీడకల. 1994-95లో తెల్లమచ్చ తెగులు టైగర్ రొయ్యను తుడిచిపెట్టింది. 2009 తర్వాత వనామి వచ్చి మళ్లీ ఆశ పెట్టింది. 2025 ఆగస్టులో అమెరికా మన సరుకు మీద సుంకాన్ని 50 శాతానికి పెంచింది. తెగులు రైతు తెచ్చింది కాదు. సుంకం రైతు వేసింది కాదు. వడ్డీ మాత్రం రైతు నెత్తినే. గుంట కోసం తెచ్చిన అప్పుకు ఇల్లు తాకట్టు పెట్టినవాడు రెండూ పోగొట్టుకునే ప్రమాదంలో పడతాడు.

2002లో వచ్చిన సర్ఫేసీ చట్టం కోర్టు మెట్లెక్కకుండానే తాకట్టు ఆస్తిని స్వాధీనం చేసుకునే అధికారం బ్యాంకులకు కట్టబెట్టింది. బాకీదారు అన్యాయమని మొర పెట్టుకోవాలంటే, బ్యాంకు అడిగిన మొత్తంలో 75 శాతం ముందే కట్టాలన్నది. అంత డబ్బే చేతిలో ఉంటే నోటీసు ఎందుకొస్తుంది? 2004 ఏప్రిల్ 8న మార్డియా కెమికల్స్ కేసులో సుప్రీంకోర్టు ఈ షరతును కొట్టివేసింది. బాకీదారు అభ్యంతరాలను బ్యాంకు పట్టించుకుని తీరాలని కూడా చెప్పింది. ఇది నిజమైన ఊరటే.

కానీ ఆ ఊరట అందాలంటే రోజులు లెక్కపెట్టుకోవాలి. నోటీసు గడువు 60 రోజులు. ఆలోగా రాతపూర్వకంగా అభ్యంతరం చెబితే బ్యాంకు 15 రోజుల్లో జవాబివ్వాలి. స్వాధీనం చేసుకుంటే 45 రోజుల్లోగా రుణ వసూళ్ల ట్రిబ్యునల్‌కు వెళ్లాలి. బాకీ మొత్తం కట్టి ఆస్తి విడిపించుకునే హక్కు వేలం ప్రకటన వెలువడేదాకానే ఉంటుందని 2023 సెప్టెంబరులో సుప్రీంకోర్టు తేల్చింది. వ్యవసాయ భూమికి చట్టంలో మినహాయింపు ఉంది. అయితే రెవెన్యూ రికార్డులో రాసి ఉంటే చాలదు, సాగు జరుగుతున్నట్టు బాకీదారే రుజువు చేయాలని అదే ఏడాది జనవరిలో చెప్పింది. గుంట తవ్విన నేల సాగుభూమేనా అన్నది వాదించి నెగ్గవలసిన ప్రశ్న. ఇంటికి ఆ మినహాయింపు కూడా లేదు. హైకోర్టుకు పోదామంటే, ముందు ట్రిబ్యునల్‌కే వెళ్లాలని 2010 నాటి తీర్పు అడ్డం.

మరి ఆ ట్రిబ్యునల్ ఎక్కడుంది? మన రాష్ట్రంలో ఉన్నది విశాఖపట్నంలో. నెల్లూరు నుంచి సుమారు 600 కిలోమీటర్లు. అక్కడ ఓడితే 30 రోజుల్లో అప్పీలు. దానికి బాకీలో సగం, ఎంత తగ్గించినా పావు వంతు, డిపాజిట్ కట్టాలి. ఆ అప్పీలు వినేది కోల్‌కతాలో! నెల్లూరుకు రెండు వందల కిలోమీటర్ల లోపే ఉన్న చెన్నైలో మరో అప్పీలు ట్రిబ్యునల్ ఉంది. దాని తలుపు మాత్రం మనకు మూసే ఉంది. ఆన్‌లైన్‌లో దాఖలు చేయవచ్చు కదా అంటారు. కాగితాలు ఆన్‌లైన్‌లో పోతాయి. వకీలును వెతకడం, ఫీజు ఇచ్చుకోవడం, గడువు దాటకుండా చూసుకోవడం ఆన్‌లైన్‌లో తీరే కష్టాలు కావు.

అప్పు ఎగ్గొట్టమని మేము చెప్పడం లేదు. పెద్ద కంపెనీల బాకీల్లో సగానికి పైగా వదులుకున్న బ్యాంకులు, రైతుకు రెండు పంటల గడువిస్తే మునిగిపోతాయా అని అడుగుతున్నాం.

1937 నవంబరు 16న శ్రీబాగ్ ఒప్పందం రాయలసీమతో పాటు నెల్లూరును కూడా ప్రత్యేకంగా చూస్తామని మాట ఇచ్చింది. ఆ మాట ఏమైందో సీమకు తెలుసు, నెల్లూరుకూ తెలుసు. నీళ్లలోనే కాదు, న్యాయంలోనూ మనం చివరి ఆయకట్టే. ప్రత్యేక రాష్ట్రం అడగడమంటే కొత్త మంత్రులను అడగడం కాదు, నోటీసు అందుకున్నవాడు పొద్దున బస్సెక్కి సాయంత్రానికి ఇల్లు చేరేంత దూరంలో న్యాయపీఠాన్ని అడగడం. అది వచ్చేదాకా ఆగనక్కర్లేదు. నెల్లూరు, తిరుపతిల్లో ట్రిబ్యునల్ విడిది విచారణలు జరపాలి. మన అప్పీళ్లను చెన్నైకి మార్చాలి.

ఉద్యోగులారా, హామీ సంతకం పెట్టినవారికీ ఈ నోటీసు వస్తుంది, మరవకండి. లా చదివే విద్యార్థులారా, ఈ సెలవుల్లో తీర గ్రామాలకు కదలండి. 60 రోజుల లెక్క ప్రతి ఇంటికీ చెప్పండి. గడువు తెలియక ఒక్క ఇల్లు పోయినా అది మన ఉద్యమానికే మచ్చ.